బొబ్బిలి నుంచి బారువ రేవు దాకా

మొదటి రోజు: విజయనగరం

మా మావయ్య పుట్టింది రంగంలో. రంగం అంటే ఇప్పటి పిల్లలకి తెలియదు. రంగూన్‌ని మా వైపు ముసలివాళ్ళు అలాగే అనేవారు. "ఆడు రంగం ఎల్లిపోనాడు" అన్నారంటే, మళ్ళీ ఎప్పుడొస్తాడో, అసలు వస్తాడో రాడో అని. మావయ్య తాత అలా వెళ్ళాడు. తండ్రి అక్కడే పెరిగాడు. మావయ్యకి తొమ్మిదేళ్ళప్పుడు, 1964లో, ఇంటిల్లిపాదీ ఓ టేకు పెట్టెతో మద్రాసులో ఓడ దిగారు.

మొన్న సంక్రాంతికి ఆ పెట్టెని అటక మీంచి దింపించాడు. అడుగున పాత చీరముక్కలో చుట్టి బెత్తెడు చెక్క, దాంతోపాటు గుండ్రటి రాతిపలక. ఆ చెక్క బెరడుని తడిరాతి మీద గంధంలా అరగదీసి బర్మా ఆడవాళ్ళు బుగ్గలకి రాసుకుంటారు. దాన్ని తనఖా అంటారు. మా అమ్మమ్మ "రంగం తనఖా పెట్టెలో ఉంది" అన్నప్పుడల్లా మనవాళ్ళు అక్కడ ఏదో తాకట్టు పెట్టి వచ్చారని చిన్నప్పుడు అనుకునేవాణ్ణి.

"బారువ రేవు ఒకపాలి సూడాల్రా. మా తాత ఓడెక్కిన రేవు" అన్నాడు మావయ్య. సరే, తీసుకెళ్తానన్నాను. కానీ ఆయన్ని నేరుగా బారువ తీసుకెళ్ళలేదు. తాతని ఓడెక్కించిన దొరతనం అసలు మన గడపలోకి ఎలా వచ్చిందో చూడాలంటే విజయనగరం, బొబ్బిలి నుంచే బయల్దేరాలని నా పట్టుదల. ముక్కనుమ వెళ్ళిన మూడోనాడు బయల్దేరాం.

విజయనగరం కోట 1713లో కట్టడం మొదలుపెట్టారు. లోపల ఇప్పుడు కాలేజీలు. పుస్తకాలు గుండెకి హత్తుకుని ఆడపిల్లలు కోటగుమ్మంలోంచి గుంపులుగా వస్తున్నారు. ఆ గుమ్మం ముందే నిలబడి మావయ్యకి ఓ సంగతి చెప్పాను. 1753లో నిజాం సలాబత్ జంగ్ తన కొలువులో ఉన్న ఫ్రెంచి పటాలం జీతాల కింద ఉత్తర సర్కార్లని వాళ్ళకి రాసిచ్చేశాడు. శ్రీకాకుళం, రాజమండ్రి, ఏలూరు, కొండపల్లి సీమలు, అన్నీ. పటాలం ఆయనది, జీతం మనది. నాగావళి ఒడ్డున నాట్లు వేసిన రైతుకి తన గింజ ఏ దేశపు సిపాయి కడుపులోకి పోతోందో తెలిసే దారే లేదు. ఆ శిస్తు వసూలుకి గుత్త పట్టినవాడు విజయనగరం రాజు పూసపాటి విజయరామరాజు.

మూడు లాంతర్ల దగ్గర పైడితల్లి అమ్మవారి చదురుగుడికి వెళ్ళాం. రైల్వేస్టేషన్ దగ్గర వనంగుడి, ఇక్కడ చదురుగుడి, రెండూ ఆవిడవే. దసరా వెళ్ళాక వచ్చే మంగళవారం సిరిమానోత్సవానికి ఇక్కడ ఇసకవేస్తే రాలదు. చింతమాను చివర ఆసనం కట్టి, దాని మీద పూజారిని కూర్చోబెట్టి, గుడి నుంచి కోట దాకా మూడుసార్లు తిప్పుతారు. ఆ అమ్మవారు ఎవరో కాదు, విజయరామరాజు చెల్లెలని నమ్మకం. బొబ్బిలి మీదికి వెళ్ళొద్దని అన్నని బతిమాలింది. అన్న వినలేదు. చనిపోయాడన్న కబురు విని పెద్దచెరువులో కలిసిపోయింది. విగ్రహమై తేలింది.

గుడి బయట పూలమ్మే ఆవిడని కదిపితే, మూర కొలుస్తూనే చెప్పింది: "ఆవిడ మాట ఇన్నుంటే ఇన్ని సావులెందుకు బావూ. ఆడకూతురు సెప్తే ఎవులింటారు?"

గెలిచిన రాజుకి ఈ ఊరు గుడి కట్టలేదు. యుద్ధం వద్దన్న పిల్లకి కట్టింది. ఈ ఊరివాణ్ణయ్యుండి, ఏటా సిరిమాను చూస్తూ, ఆ మాట ఇన్నాళ్ళూ నాకు తట్టలేదు.

రెండో రోజు: బొబ్బిలి

గజపతినగరం, రామభద్రపురం మీదుగా బస్సు. దారి పొడుగునా మామిడితోటలు పూత మీద ఉన్నాయి. పొగమంచుకి పూత మాడిపోతుందేమోనని మా పక్క సీటు రైతు దిగులు.

బొబ్బిలిలో దిగి ముందు టీ తాగాం. ఎక్కడినుంచని అడిగాడు కొట్టాయన. చెప్పాను. గ్లాసు చేతికిస్తూ "ఇజీనారమోల్లా? మరి మీరే కదండీ బుస్సీదొరని తెచ్చి మా కోట కూల్చీసినారు" అన్నాడు. నవ్వుతూనే అన్నాడు. పక్క బెంచీ మీద చుట్ట కాలుస్తున్న ముసలాయన మాత్రం నవ్వలేదు. "నిజివే కదేటి మరి" అన్నాడు.

రెండు వందల అరవై ఏళ్ళు దాటిపోయాయి. కోట మీదికి వచ్చిన ఫ్రెంచి సేనాని బుస్సీ మీద ఇక్కడ ఎవరికీ కోపం లేదు. అతను ఓ పేరు, అంతే. కోపం ఇంకా పక్క ఊరివాడి మీదే. నేను ఈ ప్రయాణానికి వచ్చింది దీనికోసమే అని ఆ బెంచీ మీద కూర్చున్నప్పుడు తెలిసింది.

యుద్ధస్మారక స్తంభం దగ్గరికి నడిచే వెళ్ళాం. పాత మట్టికోట ఉన్నచోటు అది. ఎండ ఇంకా ముదరలేదు. మావయ్య చెప్పులు విడిచి స్తంభం చుట్టూ ఓసారి తిరిగి వచ్చి కింద కూర్చున్నాడు. జరిగింది ఆయనకి బుర్రకథల్లో విన్నంత తెలుసు. నేను చదివింది కలిపాను.

బొబ్బిలికీ విజయనగరానికీ తగవు ఆకాశమంత పెద్దదేమీ కాదు. సరిహద్దు ఊళ్ళు, దోపిళ్ళు, వాగునీళ్ళు మళ్ళించుకోవడాలు. ఇరుగుపొరుగు జమీందార్లకి ఎక్కడైనా ఉండేవే. అలాంటివి పెద్దమనుషుల్లో తేలాలి, లేకపోతే నాలుగు కర్రలు విరిగి చల్లారాలి. శిస్తు బకాయిల వసూలుకి ఫిరంగులతో వచ్చిన ఫ్రెంచి సేనాని బుస్సీకి ఆ వాగునీళ్ళతో పనిలేదు. ఆయనకి కావలసింది డబ్బు కట్టే గుత్తదారు. ఆ గుత్తదారుకి కావలసింది బొబ్బిలి వాళ్ళు అక్కడినుంచి లేచిపోవడం. బొబ్బిలి రంగారావు కోట ఒగ్గి పోనన్నాడు.

1757 జనవరి 24. తెల్లారి మొదలైన దాడి మధ్యాహ్నం దాటేదాకా సాగింది. మట్టిగోడలకి ఫిరంగులు కంతలు పెడుతుంటే లోపలివాళ్ళు మనుషుల్నే అడ్డం పెట్టి నిలబడ్డారు. ఇక ఆశ లేదని తెలిశాక ఆడవాళ్ళూ పిల్లలూ పరాయి చేతుల్లో పడకూడదని తమవాళ్ళ చేతుల్లోనే చచ్చిపోయారు. ఇళ్ళకి నిప్పు పెట్టుకున్నారు. ఫ్రెంచివాళ్ళు లోపలికి వచ్చేసరికి శవాలు తప్ప మరేమీ లేవు. అప్పుడు ఓ ముసలివాడు ఓ పసివాణ్ణి చెయ్యిపట్టుకుని నడిపించుకొచ్చి లా అనే ఫ్రెంచి అధికారికి అప్పగించాడని ఇంగ్లీషువాళ్ళ చరిత్రలో ఉంది. ఆ పిల్లాడు రంగారావు కొడుకు. చంపెయ్యమన్న తండ్రి మాట కాదని దాచినవాడు ఆ ముసలివాడు. ఈ కథలో అందరూ తాండ్ర పాపారాయుణ్ణి తలుచుకుంటారు, తలుచుకోవలసినవాడే. మూడోరాత్రి డేరాలోకి దూరి విజయరామరాజుని పొడిచి చంపాడు. కానీ నాకు ఆ ముసలివాడి పేరు తెలుసుకోవాలని ఉంటుంది.

బుస్సీ ఏం చేశాడు? అదే ఏడు జూన్‌లో విశాఖపట్నం వెళ్ళి ఇంగ్లీషు కంపెనీ కోఠీ పట్టుకున్నాడు. ఎందుకంటే అప్పటికి ఐరోపాలో ఫ్రెంచివాళ్ళకీ ఇంగ్లీషువాళ్ళకీ యుద్ధం ముదిరింది. బొబ్బిలి ఆయన దారిలో ఓ మజిలీ.

తర్వాతి కథకే నాకు కడుపు రగులుతుంది. విజయరామరాజు తర్వాత వచ్చిన ఆనందగజపతిరాజుకి ఫ్రెంచివాళ్ళతో పడలేదు. వాళ్ళని వదిలించుకోవడానికి ఇంగ్లీషువాళ్ళని పిలిచాడు. క్లైవు బెంగాల్ నుంచి కల్నల్ ఫోర్డుని పంపాడు. 1758 డిసెంబరులో చందుర్తి దగ్గర ఫ్రెంచివాళ్ళు ఓడిపోయారు, మరుసటేడు మచిలీపట్నం కూడా పోయింది. సాయం వచ్చినవాళ్ళు వెళ్ళారా? 1794 జూలై 10న పద్మనాభం దగ్గర విజయనగరం రాజు చినవిజయరామరాజుని చంపింది ఆ కంపెనీ పటాలమే. బకాయిలు కట్టలేదని, మద్రాసు వెళ్ళమంటే వెళ్ళలేదని. పిలిచిన ఇంటి మీద ముప్పై ఆరేళ్ళకి పడ్డారు. అప్పుడు విజయనగరం సంస్థానాన్ని ముక్కలు చేసి, బొబ్బిలిని బొబ్బిలివాళ్ళకి తిరిగి ఇచ్చారు. ధర్మం కోసమా? ఇద్దరి చేతా విడివిడిగా పేష్కషు, అంటే కప్పం, కట్టించుకోడానికి.

"అంటే ఇద్దరూ ఆలకే కట్టినారన్నమాట" అన్నాడు మావయ్య.

సాయంత్రం గొల్లపల్లిలో వీణలు చేసేచోటికి వెళ్ళాం. ఓ కుర్రాడు పనసదుంగలోంచి కుండ తొలుస్తున్నాడు. ఉలి పెట్టడం, చిన్న సుత్తితో రెండు దెబ్బలు, ఊది పొట్టు ఎగరగొట్టడం, బొటనవేలితో లోపలి మందం చూసుకోవడం. దెబ్బ ఓ చిటికెడు ఎక్కువైతే దుంగంతా వృథా అన్నాడు. కుండా, దండీ, యాళిముఖమూ ఒకే మానులోంచి వస్తేనే దానికి ఆ నాదమట. అతుకు లేని చెక్క. మావయ్య ఆ పసుపుపచ్చ పొట్టు కాస్త తీసి వాసన చూశాడు. టేకు వాసన వేరేలా ఉంటుందని అన్నాడు.

మూడో రోజు: రాజాం, శ్రీకాకుళం, కళింగపట్నం

రాజాంలో దిగలేదు. పాపారాయుడి ఊరు ఇదేనని కిటికీలోంచి చూపించాను. శ్రీకాకుళం బస్సులో మా ముందు సీట్లో ఓ అరవై దాటినాయన, వెల్డరు. ఎడమ చేతి మీద కాలిన మచ్చలు. మాటల్లో మాట, కువైట్‌లో ఉండగానే 1990 ఆగస్టు వచ్చిందన్నాడు. ఇరాక్ సైన్యం రాత్రికి రాత్రి పొరుగుదేశంలో దిగిపోతే, ఆ గొడవతో ఏ సంబంధమూ లేని ఈ సిక్కోలు మనిషి జీతం బకాయి అక్కడే వదిలేసి, బాగ్దాదు మీదుగా జోర్డాన్ ఎడారిదాకా లారీల మీద, బస్సుల మీద వెళ్ళి, అమ్మాన్‌లో విమానం ఎక్కాడు. మన దేశం ఆ పూట లక్షా డెబ్బైవేల మందికి పైగా వెనక్కి తెచ్చుకుంది. "డేరాల్లో మంచినీళ్ళకి కొట్టీసుకునీవోళ్ళం బాబూ. ఎవుల మీద కోపవో తెల్దు, పక్కోడి మీద సూపించీవోళ్ళం" అన్నాడు. తిరిగొచ్చిన నాలుగేళ్ళకి మళ్ళీ గల్ఫే వెళ్ళాడట. ఇక్కడేముంది అన్నాడు. మావయ్య ఆయన చెయ్యి పట్టుకుని చాలాసేపు వదల్లేదు.

మధ్యాహ్నం శాలిహుండం కొండెక్కాం. కింద వంశధార, పైన ఇటుకల స్తూపాలు. ఎక్కువసేపు లేము, మావయ్య మోకాళ్ళ వల్ల. కానీ అక్కడ కూర్చున్నప్పుడు అశోకుడు గుర్తురాకుండా ఎలా ఉంటాడు, ఇది కళింగ. తన పదమూడో శాసనంలో ఆయనే చెప్పుకున్నాడు: కళింగ యుద్ధంలో లక్షమంది చచ్చారు, లక్షాయాభై వేలమందిని ఉన్నచోటు నుంచి తరలించేశారు, అంతకు ఎన్నోరెట్లు ఇంకా పోయారు, అందుకు బాధపడుతున్నానని. ఆ మాటలు కర్నూలు వైపు ఎర్రగుడి బండ మీద ఉన్నాయి. ఎక్కడో పెషావరు వైపు షాబాజ్‌గఢీలో ఉన్నాయి. గంజాం జిల్లా జౌగడలో లేవు. భువనేశ్వరం దగ్గర ధౌళిలో లేవు. ఏ జనానికి ఆ దెబ్బ తగిలిందో ఆ జనం కళ్ళబడే బండల మీద మాత్రం ఆ శాసనం చెక్కించలేదు. దాని బదులు, ప్రజలందరూ నా పిల్లలే అనీ, అధికారులు న్యాయంగా నడుచుకోవాలనీ వేరే శాసనాలు పెట్టించాడు. పశ్చాత్తాపపడ్డ రాజుల్లో ఆయన్ని మించినవాడు లేడు, నేను ఒప్పుకుంటాను. అయినా ఆ మాట ఇక్కడివాళ్ళ ముఖం మీద చెప్పలేకపోయాడు.

కళింగపట్నం చేరేసరికి పొద్దువాలింది. వంశధార సముద్రంలో కలిసేచోట నీళ్ళు రెండు రంగులు. లైట్‌హౌస్, ఇసకలో తోటకూర నారు పోసినట్టు చిన్నచిన్న పీతల బొరియలు. ఒకప్పుడు ఇక్కడ స్టీమర్లు ఆగేవి. ఒడ్డుకి రాలేక లోతులో లంగరు వేసేవి. మేకు లేకుండా కొబ్బరితాడుతో కుట్టిన మసూలా పడవల్లో మనుషుల్నీ మూటల్నీ అలల మీదుగా చేరవేసేవారు. గంజాం, విశాఖ జిల్లాల కూలీలు రంగం వెళ్ళింది ఇలాంటి రేవుల నుంచే. మేస్త్రీ ముందే బయానా ఇచ్చేవాడు. కరువేడు ఆ నాలుగు రూపాయలు ఇంట్లో పడేసి మగవాడు పడవెక్కేవాడు. అప్పు తీరేదాకా మేస్త్రీ చెప్పిందే పని, చెప్పిందే కూలి.

వాళ్ళు వెళ్ళిన దేశం అప్పటికే మూడు యుద్ధాల్లో విరిగింది. 1824లో మొదలైన మొదటిదాంట్లో కంపెనీ సిపాయిల్లో మన మద్రాసు పటాలంవాళ్ళు ఉన్నారు. 1826లో యాండబో సంధి, అరకాను, తెనాసెరిం పోయాయి, పైగా కోటి రూపాయల జరిమానా. 1852లో రంగూన్, దిగువ బర్మా అంతా. 1885లో ఓ టేకు కలప కంపెనీకి వేసిన జరిమానా సాకుగా మాండలే మీదికి వెళ్ళి, రాజు థీబాని ఎద్దుబండి ఎక్కించి తీసుకుపోయారు. ఆయన రత్నగిరిలో ముప్పై ఏళ్ళు ఖైదీగా ఉండి 1916లో అక్కడే పోయాడు. బర్మా ఇండియాలో ఓ రాష్ట్రమైపోయింది. అందుకే మన కూలీకి అక్కడికి వెళ్ళడానికి ఏ అడ్డూ లేకపోయింది. పరాయి రాజ్యానికి వెళ్తున్నానన్న సంగతే అతనికి తెలియదు.

ఆ రాత్రి లాడ్జిలో మావయ్యకి నిద్ర పట్టలేదు. దీపం ఆర్పమన్నాక కూడా తాత గురించి చెబుతూనే ఉన్నాడు. మిల్లులో బియ్యంబస్తాలు మోసేవాడట. భుజం మీద కాయ, దూడ మూపురంలా.

నాలుగో రోజు: బారువ

పలాస దాటాక ఉద్దానం. జీడిచెట్లు ఇప్పుడే పూతకొస్తున్నాయి. 2018 తిత్లీ తుఫానుకి పడిపోయిన కొబ్బరితోటల చోట కొత్త మొక్కలు ఆరేళ్ళ పిల్లల్లా నిలబడ్డాయి. సోంపేటలో బస్సు దిగి ఆటోలో బారువ.

దారిలోనే మావయ్యని అడిగాను. ఎప్పుడూ అడగని మాట. రంగంలో మనవాళ్ళంటే బర్మావాళ్ళకి ఎందుకంత కోపం?

"కోపవెందుకుండదురా" అన్నాడు. "ఆల ఊళ్ళో ఆలకంటే మనమే ఎక్కువున్నాం."

నిజమే. 1931 నాటికి రంగూన్ జనంలో సగానికి పైగా ఇండియా నుంచి వెళ్ళినవాళ్ళే. రేవులో బరువు మోసేవాళ్ళు మన తెలుగువాళ్ళు. వాళ్ళని కోరంగి ఓడరేవు పేరుమీద కోరంగీలనేవారు, కొన్నాళ్ళకి అదో తిట్టైంది. 1930 మే నెలలో కూలి పెంచమని మనవాళ్ళు పని ఆపారు. ఓడల గుత్తదార్లు వెంటనే బర్మావాళ్ళని పనిలో పెట్టుకున్నారు. సమ్మె తీరగానే ఆ బర్మావాళ్ళని పొమ్మన్నారు. అటు సంచుల కింద పడ్డవాడూ ఆకలిగొన్నవాడే, ఇటు గేటు బయట పడ్డవాడూ ఆకలిగొన్నవాడే. ఇద్దరూ రేవులో తలపడ్డారు. వందమందికి పైగా చచ్చిపోయారు, ఎక్కువమంది తెలుగువాళ్ళు. ఓడల యజమానుల్లో ఒక్కడి ఒంటి మీదా గీత పడలేదు. నాకు బొబ్బిలి టీకొట్టు బెంచీ మీద ముసలాయన గుర్తొచ్చాడు.

1941 డిసెంబరులో జపాను బాంబులు పడ్డాక లక్షలమంది అరకాను, మణిపురం కొండదారుల్లో నడిచి వచ్చారు. పదుల వేలమంది దారిలో పోయారు. మావయ్య తాత అందులో ఉన్నాడు. ఇంటికి రాలేదు. తండ్రి ఎలాగో అక్కడే ఉండిపోయాడు. 1962లో నేవిన్ సైనిక ప్రభుత్వం వచ్చింది, కొట్లూ మిల్లులూ జాతీయం చేసింది, 1964 మేలో యాభై, వంద చాట్ నోట్లు చెల్లవంది. ఓడెక్కేచోట తనిఖీవాళ్ళు మావయ్య వాళ్ళమ్మ చెవులవి తీయించేశారు. తాళిబొట్టు చూస్తూ చాలాసేపు మాట్లాడుకుని అదీ తీసేసుకున్నారు. ఆ పూట పక్కింటి బర్మా ఆవిడ రేవుదాకా వచ్చి గిన్నెడు మొహింగా తినిపించి, ఆ తనఖా చెక్కనీ రాతినీ వీళ్ళ పెట్టెలో పెట్టింది. అమ్మ బుగ్గలకి రోజూ రాసుకునేదట, అలవాటైపోయి.

అక్కడే ఉండిపోయిన తెలుగువాళ్ళ సంగతి ఇంకోలా ఉంది. బర్మా 1982 పౌరసత్వ చట్టంలో ఓ గీత గీశారు. 1823కి ముందు నుంచి ఆ నేల మీద ఉన్న జాతులే పుట్టుకతో అసలు పౌరులు. 1823 ఎందుకు? 1824లో ఇంగ్లీషువాళ్ళు వచ్చారు గనక. ఇంగ్లీషువాళ్ళు 1948లో వెళ్ళిపోయారు. వాళ్ళు వచ్చిన ఏడాది మాత్రం ఆ దేశంలో కాపలా కాస్తోంది, మోల్‌మీన్‌లో పుట్టి పెరిగిన తెలుగు కుర్రాణ్ణి నీ ముత్తాత ఎప్పుడొచ్చాడని ఇప్పటికీ అడుగుతోంది.

బారువలో రేవు అని చెప్పుకోడానికి ఇప్పుడేమీ లేదు. లైట్‌హౌస్, మహేంద్రతనయ కలిసేచోట ఇసకమేట, ఒడ్డున ఫైబరు పడవలు, వలలు బాగుచేసుకుంటున్న మనుషులు. మావయ్య నీళ్ళదాకా వెళ్ళలేదు. ఓ పడవ నీడన చతికిలబడి తూర్పుకి చూస్తూ కూర్చున్నాడు. "తిత్, హ్నిత్, తోన్, లే, ఙా" అని వేళ్ళు మడిచాడు. బర్మాభాషలో ఆయనకి మిగిలింది అయిదు దాకా లెక్కపెట్టడం.

ఎండుచేపలు తిరగేస్తున్న ఓ ముసలావిడ దగ్గరికొచ్చింది.

"ఎవులు బావూ మీరు? ఏటి సూస్తన్నారు?"

మావయ్య సంచీలోంచి చీరముక్క విప్పి చెక్క చూపించాడు. ఆవిడ కళ్ళు చికిలించి, చేతిలోకి తీసుకుని, అటూ ఇటూ తిప్పింది.

"ఇది మా యింటికాడా ఉండీది. మా అత్త రంగంలో పుట్టింది కదా. ఆవిడ పోయినాక ఏటో మాను ముక్క అనీసి పొయ్యిలో పెట్టీసినాం."

మావయ్య ఏమీ అనలేదు. రాతిపలక తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. సీసాలో నీళ్ళు నాలుగు చుక్కలు వేసి అరగదీయడం మొదలుపెట్టాడు. అరవై ఏళ్ళనాటి చెక్క, మొండికేసింది. చాలాసేపటికి రాతి మీద పల్చగా పసుపు తేలింది. వేలితో తీసి ఆవిడ ముందుకి చాపాడు. చేపల చేతిని చీరకి తుడుచుకుని, ఆ వేలు ముక్కు దగ్గరికి లాక్కుంది.

"ఇదే" అంది. "మా అత్త పక్కన పడుకుంటే ఇదే వొచ్చీది."